చింతగింజల ఓట్లు

మా చిన్నప్పుడు పగిడ్యాలలో జర్మనీ ఉండేది వంటింట్లో. అల్యూమినియం పాత్రలను మా అవ్వ జర్మన్ సిల్వర్ అనేది. వాటిలో పులుసు కాస్తే రుచి పోతుందని మట్టిచట్టి వదిలేది కాదు. డెన్మార్క్ మాత్రం ఏ ఇంట్లోనూ లేదు. ఆ పేరును మా ఊరికి మోసుకొచ్చింది సోషల్ సారు.

సారుది పల్నాడు, గురజాల దగ్గరి పల్లె. ఎమర్జెన్సీ ఎత్తేసినాక మా హైస్కూలుకు బదిలీ మీద వచ్చి, మా పక్క మిద్దెలో బాడుగకు దిగారు. మనిషి సన్నం, గొంతు లావు. సాయంత్రమయితే మిద్దె మీద చాప పరుచుకుని, ట్రాన్సిస్టరు చెవి దగ్గర పెట్టుకుని, పిట్టగోడకు ఆనుకుని కూర్చునేవారు. మా మిద్దెకూ ఆయన మిద్దెకూ మధ్య మోకాలెత్తు గోడే కాబట్టి ఆ రేడియోలో సగం మాది. ఆదివారం పొద్దున్నే బస్సెక్కి చర్చికి పోయొచ్చేవారు. నంద్యాల వైపు చర్చీలు ఇంగ్లండు మిషన్ వాళ్లవి, కర్నూలులో బాప్టిస్టులు. సారు లూథరన్. "మా గుడి ఈ దాపుల్లో దొరకదులేరా, దొరికిన గుళ్లో దణ్ణం పెట్టుకుంటా" అనేవారు.

తొమ్మిదో తరగతి సోషల్ పుస్తకంలో జర్మనీ ఏకీకరణ పాఠం ఉండేది. బిస్మార్కు, ఉక్కు, రక్తం, పరీక్షలో ఐదు మార్కులు. అందులో డెన్మార్క్ గురించి ఉన్నది ఒక్క వాక్యం: 1864లో ప్రష్యా ఆస్ట్రియాను తోడు తీసుకుని డెన్మార్క్ మీద యుద్ధం చేసి ష్లెస్విగ్, హోల్‌స్టీన్ లాక్కుంది. ఏ సారైనా ఆ వాక్యం చదివించి ముందుకు పోతాడు. మా సారు అక్కడే కూలబడ్డారు. సిలబస్ ఆగిపోయింది. హెడ్మాస్టరు కిటికీలోంచి తొంగిచూసి పోయేవారు, సారు చూడనట్టు ఉండేవారు.

ముందు పటం. గోడకు తగిలించిన ఐరోపా పటం మడతల దగ్గర చిరిగిపోయి ఉండేది. సారు బెత్తంతో ఉత్తరానికి పొడుచుకుపోయిన నేలను చూపించి, దీని తల డేనులది, మొదలు జర్మన్లది, మెడ దగ్గరే పేచీ అన్నారు. ఆ మెడే ష్లెస్విగ్. దాని కింద హోల్‌స్టీన్. రెండింటికీ డ్యూకు ఒకడే, ఆ డ్యూకు డెన్మార్క్ రాజే. కానీ హోల్‌స్టీన్ జర్మన్ సమాఖ్యలో ఉంది, ష్లెస్విగ్ లేదు. హోల్‌స్టీన్ జనమంతా జర్మన్లు. ష్లెస్విగ్‌లో ఉత్తరాన డేనిష్ మాట్లాడతారు, దక్షిణాన జర్మన్ మాట్లాడతారు, నడిమధ్య ఇంట్లో ఒకటి, అంగడిలో ఒకటి. ఈ రెండు సీమలనూ ఎన్నటికీ విడదీయమని 1460లో రాజు రాసిచ్చిన మాట ఒకటుంది. నాలుగు వందల ఏళ్లు గడిచాక దాన్ని పట్టుకుని జర్మన్లు రెండూ మావే అన్నారు. డేనులేమో హోల్‌స్టీన్ పోతే పోయె, ష్లెస్విగ్ మాది అన్నారు.

"దాయాదుల గట్టురా ఇది" అన్నారు సారు. మాకు ఇంకేం చెప్పనక్కర్లేదు. గట్టు పంచాయతీ లేని ఇల్లు మా తరగతిలో ఎవరికుంది? ఒకడు ఏటా జానెడు గట్టు చెక్కుతాడు, ఇంకొకడు రాత్రి పూట రాయి జరుపుతాడు. పంచాయతీకి పెద్దమనుషులొచ్చి కాఫీలు తాగి పోతారు. 1852లో లండన్‌లోనూ అదే జరిగింది. 1848లో మొదలై మూడేళ్లు సాగిన మొదటి యుద్ధం తర్వాత పెద్దరాజ్యాలన్నీ కూర్చుని, ఉన్నది ఉన్నట్టు ఉండనీయండని కాగితం రాశాయి. పదకొండేళ్లు కాగానే డెన్మార్క్ ఆ కాగితం దాటి ష్లెస్విగ్‌ను తనలో కలుపుకునే రాజ్యాంగం తెచ్చింది. బిస్మార్కుకు కావలసింది అదే.

యుద్ధం చెప్పడంలో సారుకు ఉత్సాహం ఎక్కువ. 1864 ఫిబ్రవరి, నీళ్లు గడ్డకట్టే చలి. డేనులకు వెయ్యేళ్ల నాటి మట్టికోట కట్ట ఒకటుంది, పేరు డానెవిర్కె. పాటలన్నీ దాని మీదే, పరువంతా దాని మీదే. చుట్టూ ఉన్న చిత్తడి గడ్డకడితే శత్రువు నడిచి వచ్చేస్తాడని తెలిసి, సేనాపతి ఒక రాత్రి చప్పుడు లేకుండా దాన్ని ఖాళీ చేయించాడు. రాజధాని జనం అతన్ని దుమ్మెత్తిపోశారు, పదవి ఊడింది. ఆ తర్వాత డైబోల్ దిబ్బల దగ్గర వారాల తరబడి ఫిరంగి దెబ్బలు. ఏప్రిల్ 18 పొద్దున ప్రష్యన్లు ఎగబడ్డారు, దిబ్బలు పడిపోయాయి. అక్టోబరులో వియన్నా సంధి. రాజ్యంలో ఐదింట రెండు పాళ్ల నేల పోయింది. ఉత్తర ష్లెస్విగ్‌లో ఉన్న డేనులు రాత్రికి రాత్రి జర్మన్ ఏలుబడి కిందికి పోయారు. వాళ్లను మీ ఇష్టమేమిటని అడుగుతామని 1866 ప్రాగ్ సంధిలో ఒక మాట రాశారు. అడగలేదు. 1878లో ఆ మాట కూడా కొట్టేశారు.

ఇదంతా సారుకు ఎందుకు పట్టింది? అది మాకు మిద్దె మీదే తెలిసింది, తరగతిలో కాదు. పల్నాడు, గుంటూరు లూథరన్ల కథ మొదలయ్యేది 1842లో గుంటూరుకు వచ్చిన హెయర్ అనే పాదిరితో. అమెరికా నుంచి వచ్చాడు కానీ పుట్టింది జర్మనీలో. తర్వాత ఆయన గురజాలకూ వచ్చి ఉన్నాడు. అదే కాలంలో ఉత్తర జర్మనీ మిషనరీ సంఘం రాజమండ్రిలో పని మొదలుపెట్టింది. వాళ్లు పంపిన వాళ్లలో ఒకాయన గ్రోనింగ్. పుట్టింది డెన్మార్క్‌లో, ఫ్రెడెరిసియా అనే కోట ఊర్లో, 1813లో. 1849 జులైలో ఆ ఊరి చుట్టూ ష్లెస్విగ్-హోల్‌స్టీన్ సేన ముట్టడి వేస్తే, డేనులు లోపలి నుంచి దూకి తరిమికొట్టారు. ఆనాటికి ఆ ఊరి బిడ్డ గోదావరి సీమలో జర్మన్ల జీతం తింటూ తెలుగు పిల్లలకు చదువు చెబుతున్నాడు. పుట్టిన ఊరు ఒక జట్టు, అన్నం పెట్టే సంఘం ఇంకో జట్టు. ఉత్తరం రావడానికి నెలలు పట్టే రోజులు. గెలిచిందెవరో తెలిసేసరికి సంతోషించాలో ఏడవాలో ఆయనకు ఎలా తోచి ఉంటుందని సారు మమ్మల్ని అడిగేవారు. మేమేం చెబుతాం! ముసలితనంలో ఆయన పోయి స్థిరపడింది కూడా ష్లెస్విగ్‌లోనే, అపెన్‌రాడె పట్నంలో. అప్పటికది ప్రష్యా చేతిలో ఉంది. డేనులు దాన్నే ఆబెన్‌రో అంటారు. తెలుగు సీమకు కొత్త పాదిరులను అక్కడ కూర్చుని తయారు చేసి పంపాడు.

ఇంకా వెనక్కి పోతే ఇంకా చిత్రం. తంజావూరు రఘునాథ నాయకుడు, తెలుగులో కావ్యాలు రాసిన రాజు, 1620లో డేనులకు తరంగంబాడి దగ్గర కోట కట్టుకోనిచ్చాడు. అప్పుడు డెన్మార్క్ రాజుకు బంగారు రేకు మీద జాబు పంపాడు, అది ఇప్పటికీ కోపెన్‌హేగెన్‌లో ఉంది. 1705లో డెన్మార్క్ రాజు నాలుగో ఫ్రెడరిక్ ఆ ఊరికి మతబోధకులను పంపాలనుకుంటే తన దేశంలో మనుషులు దొరకలేదు. జర్మనీలోని హాలే పట్నం చదువు చదివిన జీగెన్‌బాల్గ్, ప్లూట్షౌ ఇద్దరూ దొరికారు. రాజు డేను, బోధకులు జర్మన్లు. కోట మీద అధికారం చేసే డేనిష్ కంపెనీ మనిషికి వీళ్లు గిట్టలేదు. రాజుగారి ముద్ర ఉన్న ఉత్తరం చేతిలో పెట్టుకుని వచ్చిన జీగెన్‌బాల్గ్‌ను 1708లో పట్టి నాలుగు నెలలు కొట్లో వేశాడు. "రాజు పంపిన మనిషిని రాజు బంటే జైల్లో పెట్టాడు, తెలుసా" అని సారు చెబుతుంటే మా నాయన నవ్వి, "మన తాలూకాఫీసులో మాత్రం జరగడంలేదా సార్" అన్నాడు.

అదే తరంగంబాడికి 1719లో బెంజమిన్ షుల్జ్ వచ్చాడు. ఈయనా జర్మనే. తోటివాళ్లతో పొసగక మద్రాసుకు పోయి తెలుగు నేర్చుకుని, బైబిలు మొత్తం తెలుగు చేశాడు. అది అచ్చు కాలేదు. 1743లో హాలేకు తిరిగిపోయి, అక్కడ తెలుగు అక్షరాల అచ్చులు పోయించి 1746, 47 సంవత్సరాల్లో చిన్న పుస్తకాలు వేశాడు. తెలుగులో అచ్చయిన మొదటి పుస్తకాలు అవేనంటారు. డెన్మార్క్ రాజు పంపిన మనిషి, జర్మనీలో, మన అక్షరాలు. తెలుగు కొత్త నిబంధన అచ్చయింది 1818లో బెంగాలులోని శ్రీరాంపురంలో. అదీ డేనుల ఊరే. ఇంగ్లీషు కంపెనీ వాళ్లు తమ నేల మీద పాదిరులను ఉండనివ్వకపోతే విలియం కేరీ వాళ్లు డేనుల జెండా కింద చేరారు. 1845లో డేనులు తరంగంబాడినీ, శ్రీరాంపురాన్నీ కలిపి పన్నెండున్నర లక్షల రూపాయలకు ఇంగ్లీషు కంపెనీకి అమ్మేశారు. ఊళ్లు, కోట, చర్చి, అక్కడున్న మనుషులు, అన్నీ కలిపి.

ఇక్కడికొచ్చేసరికి సారు గొంతు తగ్గించేవారు. ఆయనకు ఆ కథలో చిక్కిన ముల్లు ఇదేనని నాకు ఇప్పుడనిపిస్తుంది. మనుషులను అడిగారా, అడగలేదా?

అడిగిన రోజు ఒకటి వచ్చింది. మొదటి ప్రపంచయుద్ధంలో జర్మనీ ఓడింది. ఆ యుద్ధంలో ఉత్తర ష్లెస్విగ్ డేనులు దాదాపు 30,000 మంది జర్మన్ యూనిఫారం వేసుకుని పోరాడారు, వేల మంది చచ్చారు. వాళ్లది కాని దేశం కోసం. 1920లో ఓటు పెట్టారు. ఆ ఓటు మాకు తెలియాలని సారు తరగతిలోనే పెట్టారు. నాకిప్పటికీ మరపురాని పాఠం అదే.

మా స్కూల్లో కబడ్డీకి రెండు జట్లు. ఏటి ఒడ్డు పల్లెల నుంచి వచ్చే పిల్లలది ఏటి జట్టు, కె.సి. కాలువ నీళ్లు పారే వైపు పిల్లలది కాలువ జట్టు. ఊర్లో పిల్లలం ఎటైనా ఆడేవాళ్లం, ఎటు ఆడినా తన్నులు తినేవాళ్లం. సారు సుద్దతో గది మధ్య అడ్డగీత గీశారు. ముందు బెంచీలన్నీ కలిపి మొదటి మండలం, వెనకవి రెండోది. నల్ల చింతగింజ వేస్తే కాలువ, బండ మీద అరగదీసి తెల్లగా చేసింది వేస్తే ఏరు. పులిజూదానికీ, పచ్చీసుకూ అరగదీసిన గింజలు ప్రతివాడి జోబులోనూ ఉండేవి కాబట్టి ఎన్నికల ఖర్చు లేదు. డబ్బా ఒకటి, పైన టవలు కప్పి, చెయ్యి లోపలికి పెట్టి వేయాలి. ఎవడు ఏది వేసేదీ కనపడకూడదు. అయినా నా ముందువాడు గింజ వేసేముందు వాసన చూసినట్టు ముక్కు దగ్గరకు తెచ్చుకుని, "తెల్లదే" అని అందరికీ వినపడేలా అన్నాడు.

మొదటి మండలం లెక్క మొత్తంగా తీస్తాను, బెంచీల వారీగా కాదు అన్నారు సారు. నల్లవి ఎక్కువొచ్చాయి. మా బెంచీలో ఐదుగురం తెల్లగింజే వేశాం, ఐదుగురమూ ఏటి జట్టుకు పోదామనుకున్నాం, కానీ మండలంతో పాటు కాలువలో కలిసిపోయాం. అరుపులు, పెడబొబ్బలు. బెంచీ ఎక్కి దూకాం. వెనక బెంచీల మండలంలో తెల్లవే గెలిచాయి, వాళ్లు చొక్కాలు విప్పి తిప్పారు.

"ఆగండిరా" అన్నారు సారు. "మీ బెంచీ పేరు ఇవాళ్టి నుంచి అపెన్‌రాడె." 1920 ఫిబ్రవరి 10న మొదటి మండలంలో నూటికి డెబ్బై ఐదు మంది డెన్మార్క్ అన్నారు. కానీ అదే మండలంలో అపెన్‌రాడె, టోండర్ వంటి పట్నాల్లో జర్మనీకే ఎక్కువ ఓట్లు పడ్డాయి. మొత్తంగా లెక్కవేశారు కాబట్టి అవీ డెన్మార్క్‌కే పోయాయి. మార్చి 14న రెండో మండలంలో నూటికి ఎనభై మంది జర్మనీ అన్నారు. ఫ్లెన్స్‌బర్గ్ పట్నం జర్మనీకి మిగిలింది. అది కూడా కావాలని డెన్మార్క్ రాజు పదో క్రిస్టియన్ పట్టుబట్టి, ఒప్పుకోని ప్రధానిని ఊడబీకాడు. వీధుల్లో జనం తిరగబడితే రాజే దిగొచ్చాడు. జులై 10న తెల్లగుర్రమెక్కి పాత సరిహద్దు దాటి, ఓటుతో వచ్చిన నేలలో అడుగుపెట్టాడు.

"ఓడిన బెంచీ గతి ఏంది సార్?" అని అడిగాడు మాలో ఏటి పల్లె వాడొకడు. "నేను కాలువోళ్ల తరపున ఆడను."

"ఆడబాక. నువ్వు యాడ ఉన్నా ఏటోణ్ణి అని చెప్పుకో, ఎవడూ నిన్ను కాదనకూడదు. ఆ ముక్క కాగితం మీదికి రావడానికి వాళ్లకు ఇంకో ముప్పై ఐదేళ్లు పట్టింది" అన్నారు సారు. అది 1955 మార్చి. బాన్ ప్రకటన, కోపెన్‌హేగెన్ ప్రకటన. జర్మనీలో ఉన్న డేనులకూ, డెన్మార్క్‌లో ఉన్న జర్మన్లకూ ఒకే హామీ: నేను డేనును, నేను జర్మన్‌ను అని ఎవరు చెప్పుకుంటే వాళ్లు అంతే. ఆఫీసరు వచ్చి రుజువేదని అడగకూడదు. బడి వాళ్లది, పత్రిక వాళ్లది. ష్లెస్విగ్ డేనుల పార్టీ కీల్ శాసనసభకు పోటీ చేస్తే మిగతా పార్టీలకున్న ఐదు శాతం నిబంధన దానికి లేదు.

ఆ రాత్రి మిద్దె మీద ఈ ఓటు కథ అవ్వకు చెప్పాను. మా అవ్వది పుట్టినూరు ఏటి అవతల, కొల్లాపురం వైపు. పగిడ్యాల నుంచి ఉత్తరంగా పోతే, తుంగభద్రను కలుపుకుని వచ్చే కృష్ణ. అవతల నైజాం. మా వాళ్లు దాన్ని మొగలాయి అనేవాళ్లు. 1800లో నిజాం ఈ సీమ మీద హక్కు కంపెనీకి రాసిచ్చాడు, 1839లో కంపెనీ వాళ్లు కర్నూలు నవాబు గులాం రసూల్ ఖాన్‌ను పట్టి తిరుచిరాపల్లికి పంపి ఊళ్లన్నీ నేరుగా తీసుకున్నారు. అప్పటి నుంచి ఏరే గట్టు. అవతల హాలి సిక్కా చెల్లుతుంది, ఇవతల కల్దారు. అవ్వ పెళ్లయి పుట్టిలో ఏరు దాటి వచ్చినప్పుడు అవతలి ఒడ్డున నిజాం సుంకం నాకా ఉండేదట, కరోడ్‌గిరి అనేవాళ్లు. కొత్త చీరకు సుంకం అడుగుతారని, పెళ్లి చీర కట్టుకుని, దాని పైన పాత చీర చుట్టుకుని, ఎండలో చెమటలు కారుతూ పుట్టిలో కూర్చుందట. సుంకం బంట్రోతు చూసి, "ఈ పిల్ల ఇంత లావుందేమి" అన్నాడట. ఈ కథ అవ్వ ఎప్పుడు చెప్పినా ఆ బంట్రోతు గొంతు పెట్టేది.

1948లో రజాకార్ల గొడవలప్పుడు అవ్వ తమ్ముళ్లు, వాళ్ల పిల్లలు, రెండు ఆవులు ఏరు దాటి వచ్చి మా మిద్దె మీద నెలలు ఉన్నారు. పోలీసు చర్య ముగిశాక తిరిగిపోయారు. 1956లో రెండు ఒడ్లూ ఒక రాష్ట్రమయ్యాయి. అవ్వకు తేడా తెలిసింది సుంకం లేకపోవడంలోనే.

ఓటు కథ విని అవ్వ అడిగిన మొదటి మాట: "ఆడోళ్లను గూడా అడిగినారా?"

పిట్టగోడ అవతల నుంచి సారు అందుకున్నారు. "అడిగారమ్మా. ఇరవై ఏళ్లు నిండిన ఆడా మగా అందరినీ. ఆ నేల మీద పుట్టి వేరే చోటికి పోయినవాళ్లను కూడా రైళ్లలో పిలిపించి అడిగారు. అక్కడయితే మీకు అవతలి ఒడ్డున ఓటు."

అవ్వ కాసేపు ఆలోచించింది. "ఇద్దరికీ ఏస్తా" అంది.

సారు నవ్వలేదు. డెన్మార్క్‌లోనూ అలా చెప్పదలచుకున్నవాళ్లు ఉండే ఉంటారమ్మా, డబ్బాలో అలాంటి గింజకు చోటు లేదు అన్నారు.

మా నాయనకు ఈ సరిహద్దుల గోల పట్టేది కాదు. ఆయన ఊరి పరపతి సంఘంలో మెంబరు. సారు ఒకరోజు, నేల పోగొట్టుకున్న డేనులు బయట పోయింది లోపల సంపాదించుకుందామని నడుం కట్టారని చెప్పారు. 1866లో సంఘం పెట్టి పశ్చిమాన ఇసుక బీళ్లను సాగులోకి తెచ్చారు, 1882లో రైతులే కలిసి సహకార పాల కేంద్రం పెట్టుకున్నారు అన్నారు. అప్పుడు నాయన బీడీ ఆర్పి దగ్గరికి జరిగాడు. "ఒక్కావు ఉన్నోనికీ పదావులు ఉన్నోనికీ ఒకే ఓటా సార్? మన సంఘంలో జరగనిస్తారా!" డెన్మార్క్ మా నాయన దృష్టిలో ఆనాటి నుంచి పెద్ద దేశం. రైతుపిల్లల కోసం వాళ్లు పెట్టిన జనబడుల్లో మొదటిది 1844లో ష్లెస్విగ్‌లోనే వెలిసిందని, జర్మన్ ఒత్తిడి మధ్య తమ మాట నిలుపుకోవడానికే పెట్టారని కూడా సారు చెప్పారు కానీ, అప్పటికి నాయన పాల లెక్కల్లో ఉన్నాడు.

మమ్మల్ని పదో తరగతి దాటించి సారు పల్నాడుకు బదిలీ చేయించుకుని పోయారు. ఆయన పోయిన తర్వాత నీళ్లొచ్చాయి. శ్రీశైలం డ్యాముకు 1963లో నెహ్రూ శంకుస్థాపన చేసినప్పటి నుంచి ఆ మాట వింటూనే ఉన్నాం, విని విని అది ఎప్పటికీ కట్టరనుకున్నాం. 1981లో నీళ్లు నిలిపారు. రెండు ఒడ్లా కలిపి వంద దాకా ఊళ్లు మునిగాయి. మా మేనత్తది ఏటి ఒడ్డు పల్లె. ఇల్లు పడగొట్టక ముందే దూలాలు, వాకిలి, గడప విప్పి ఎద్దులబండిలో వేసుకుని వచ్చారు. గడప మీద పసుపు ఇంకా పచ్చగానే ఉంది. మామ బండి దిగి, మా నాయన పక్కన కూర్చుని, నష్టపరిహారం కాగితం చూపించి, "ఇది చదివి చెప్పు, ఎంత రాసినారో" అన్నాడు. సంగమేశ్వరం గుడి కూడా మునిగింది. వేపకొయ్య లింగం ఎండాకాలం నీళ్లు తగ్గినప్పుడు బయటపడుతుంది, పడవలో పోయి పూజ చేసి వస్తారు. అవ్వ పుట్టినూరి దారి, పుట్టి కట్టే రేవు అన్నీ ఆ నీళ్ల కిందే. పల్లపు రేవుల్లో కేకేస్తే అవతలికి వినపడే ఏరు సముద్రమయింది. అవ్వ దాన్ని చూడటానికి ఒకసారి వచ్చి, ఒడ్డున నిలబడి కొంగు నడుముకు దోపుకుని, "దీనికి మాత్రం ఎవురినీ అడగల్యా" అంది. ఓటు కథ ఆమెకు అంత బాగా పట్టిందని నాకప్పుడే తెలిసింది.

సారు చెప్పిన కథ అక్కడితో ఆగినా నేను చదవడం ఆపలేదు. 1940 ఏప్రిల్ 9న హిట్లరు డెన్మార్క్‌ను ఆక్రమించాడు, కానీ 1920 గీతను జరపలేదు. 1943 అక్టోబరులో డెన్మార్క్ యూదులను పట్టుకుపోబోతుంటే, కోపెన్‌హేగెన్‌లో పనిచేసే డుక్‌విట్జ్ అనే జర్మన్ అధికారే ముందుగా చెవినేశాడు. ఏడు వేల మందికి పైగా చేపల పడవల్లో స్వీడన్‌కు దాటారు. నాకు అన్నింటికంటే పెద్దగా అనిపించేది 1945. జర్మనీ నేలకూలి ఉంది. ఫ్లెన్స్‌బర్గ్ వైపు జర్మన్లే వేల మంది మమ్మల్ని డెన్మార్క్‌లో కలుపుకోండి అంటున్నారు. అందులో అభిమానమెంతో, డెన్మార్క్ వెన్న మీద ఆశెంతో ఎవరికి తెలుసు! గట్టు చెక్కడానికి అంతకంటే మంచి రోజు దొరకదు. డెన్మార్క్ ప్రభుత్వం మాత్రం సరిహద్దు ఉన్నచోటే ఉంటుందని తేల్చేసింది. అందరూ వాళ్లను మెచ్చుకోరు, డెన్మార్క్‌లోనే చాలామంది తిట్టారు. మా ఊరి గట్టు పంచాయతీలు చూసినవాణ్ణి కాబట్టి నాకు ఆ తీర్పు విలువ తెలుసు.

ఆ గీత మీద అడవిపందులకు కూడా కాపలా పెట్టారు. 2019లో డేనులు డెబ్బై కిలోమీటర్ల కంచె వేశారు, జర్మనీ వైపు నుంచి పందుల రోగం రాకుండా. నల్లమల అంచున జొన్న, బుడ్డల చేలు ఉన్న మా రైతులెవరికి చెప్పినా, అంతటి తెలివైన ప్రభుత్వం ఇంకొకటి ఉండదంటారు. సముద్రం అడుగున రెండు దేశాలనూ కలుపుతూ పద్దెనిమిది కిలోమీటర్ల సొరంగం కూడా కడుతున్నారు.

మా ఏరు 2014 జూన్ 2న మళ్లీ గట్టయింది, ఈసారి రెండు రాష్ట్రాల మధ్య. మా ఒడ్డు 2022 నుంచి నంద్యాల జిల్లా. 2007 జనవరిలో ఈ నీళ్ల మీద పడవ మునిగి 61 మంది పోయారు, అప్పటి నుంచి వంతెన వంతెన అని రెండు ఒడ్లా అడుగుతూనే ఉన్నారు. సోమశిల నుంచి సిద్దేశ్వరానికి వెయ్యి కోట్లు దాటే తీగల వంతెనకు 2022లో కేంద్రం ఒప్పుకుంది. మా మేనత్త కొడుకు పోయినసారి ఫోనులో ఆ సంగతే ఎత్తాడు. ఇప్పుడు అవతలి చుట్టాలింటికి పోవాలంటే కర్నూలు మీదుగా చుట్టు తిరగాల, వంతెన పడితే గంట పని అన్నాడు. వాడి కొడుక్కు పిల్లను చూస్తున్నారు.

"అవతల ఒక సంబంధం ఉంది మామా, మన అవ్వ తరపోళ్లే. వంతెన ఎప్పుడు లేస్తాదో కనుక్కో, మీ పట్నంలో ఎవురినన్నా అడిగి. దాన్ని బట్టి ముహూర్తం పెట్టుకుందాం."

"వంతెన కోసం పెళ్లి ఆపుతావా" అన్నాను.

"ఆపను గానీ, పిల్లోళ్లు అడుగుతాండారు. ఇప్పుడు చేస్తే పడవలో రావాలంట."